వందేమాతరం శ్రీనివాస్ సినీ సంగీతం: బాణీ – గుంపు స్వరం

తెలుగు ఉద్యమగీతాల పరిశోధనలో సాహిత్యానికి దక్కిన స్థానం బాణీకి దక్కలేదు. పరిశోధకులు పాటను ప్రధానంగా కాగితం మీద చదువుతారు. మాండలికం, ప్రతీకలు, వర్గదృక్పథం చర్చకు వస్తాయి; పల్లవిని ఏ స్థాయిలో ఎత్తుకున్నారు, గుంపు ఎక్కడ అందుకుంది అన్న ప్రశ్నలు అరుదుగా వస్తాయి. వందేమాతరం శ్రీనివాస్ కృషిని అంచనా వేయడానికి ఈ ప్రశ్నలే కీలకం.

ఖమ్మం ప్రాంతానికి చెందిన శ్రీనివాస్ ప్రజానాట్యమండలి గాయకుడు. టి. కృష్ణ దర్శకత్వంలోని 'వందేమాతరం' (1985) చిత్రానికి చక్రవర్తి సంగీతం సమకూర్చగా, అందులో పాడిన పాటతో ఆ చిత్రం పేరే శ్రీనివాస్‌కు ఇంటిపేరయింది. సంగీత దర్శకుడిగా 'ఒరేయ్ రిక్షా' (1995), 'ఒసేయ్ రాములమ్మా' (1997) చిత్రాలు ఆయనకు విశేష గుర్తింపు తెచ్చాయి.

ఆయన ఉద్యమగీతాల బాణీలో మూడు లక్షణాలు ప్రధానం. తారస్థాయిలో గొంతు విప్పి ఎత్తుకోవడం, డప్పు దరువును నడకకు ఆధారం చేసుకోవడం, కోరస్‌తో పల్లవిని బలపరచడం. ఇవి ప్రజాకళా వేదిక నుంచి వచ్చినవే. అయితే వేదిక మీద పల్లవిని ప్రేక్షకుడూ అందుకోగలడు. సినిమాలో కోరస్ ముందే ముద్రితమై ఉంటుంది. ప్రేక్షకుడు శ్రోతగా మిగులుతాడు. పైగా శ్రీనివాస్ గాత్రబలం వల్ల గుంపు స్వరం తరచూ నేపథ్యానికి తగ్గుతుంది. సామూహిక ఆవేదన ఏక గాయకుడి ఆవేశంగా మారే ప్రమాదం ఇక్కడే ఉంది. అదే సమయంలో ఊరి దరువు థియేటరుకు చేరిందన్న వాస్తవాన్నీ విస్మరించలేం.

'స్వయంవరం' (1999), 'దేవుళ్ళు' (2000) చిత్రాలకూ ఆయనే సంగీత దర్శకుడు. ప్రణయ, భక్తి ఇతివృత్తాలున్న ఈ చిత్రాలు 'ఎర్ర సినిమాల సంగీతకారుడు' అన్న ముద్ర చాలదని నిరూపిస్తాయి. ఉద్యమగీతాల శైలి ఆయనకు పరిమితి కాదు, సందర్భానుసారమైన ఎంపిక.

పినపాక వంటి గోదావరి తీర అటవీ మండలాల్లోని కోయల రేల పాటలో గుంపు స్వరమే ప్రాణం. శ్రీనివాస్ బాణీలకు దానితో ప్రత్యక్ష సంబంధం ఉందనడం తొందరపాటు. కానీ ఒకరు ఎత్తుకోగా పదిమంది అందుకునే పద్ధతి రెండింటిలో ఎలా భిన్నంగా పనిచేస్తుందో తులనాత్మకంగా పరిశీలించడం అవసరం. అందుకు పాఠంతోపాటు ధ్వనిముద్రణ కూడా పరిశోధకుడికి ప్రాథమిక ఆకరం కావాలి.