దమ్మిడీ మసీదు: కథ, కట్టడం

హైదరాబాదులో పురానాపూల్ నుండి గోల్కొండ కోటకు పోయే పాత రహదారిపై, కార్వాన్ ప్రాంతంలో టోలీ మసీదు ఉంది. దాని ప్రస్తావన వచ్చినప్పుడల్లా ఒక కథ వినవస్తుంది. మక్కా మసీదు నిర్మాణాన్ని పర్యవేక్షించిన మూసాఖాన్‌కు ఖర్చయిన ప్రతి రూపాయికి ఒక దమ్మిడీ చొప్పున ముట్టిందనీ, ఆ సొమ్ముతో ఆయన దీనిని కట్టించాడనీ ఆ కథ. అందువల్లనే దీనికి దమ్మిడీ మసీదు అన్న పేరు వచ్చిందంటారు.

కథ ఇంపైనదే. అయితే దమ్మిడీ అనగానే తెలుగువారికి స్ఫురించేది విలువలేనితనం. ఒక మహానిర్మాణంలో మిగిలిన చిల్లరతో లేచిన కట్టడమన్న చిన్నచూపు ఈ పేరుతోపాటే మనలో నాటుకుంటున్నది. కథలోని లెక్క రూపాయలలో ఉండటం కూడా గమనార్హం. గోల్కొండ రాజ్యంలో పెద్ద పద్దులు హొన్నులలో నడిచేవి. 1636లో షాజహానుకు చెల్లించడానికి ఒప్పుకున్న కప్పం సైతం హొన్నులలోనే నిర్ణయమైంది. కనుక ఈ కథ నేటి రూపం తర్వాతి కాలంలో ఏర్పడినదని ఊహించవచ్చు.

మసీదు నిర్మాణ కాలం 1671. అబ్దుల్లా కుతుబ్‌షా పాలన (1626-1672) అప్పటికి చివరి దశకు చేరింది. మరి పదహారేళ్లకు, 1687లో, గోల్కొండ మొగలుల వశమైంది. అంటే కుతుబ్‌షాహీ వాస్తుకళ తన పరిణతినంతా కూడగట్టుకొన్న తుది ఘట్టానికి ఈ కట్టడం సాక్ష్యం.

ఎత్తయిన అరుగుపై నిలిచిన ఈ మసీదు ముఖభాగంలో అయిదు కమానులున్నాయి. వెలుపలి మంటపాన్ని దాటితే, మూడు కమానుల లోపలి మంటపం వస్తుంది. ఇరుపక్కలా రెండు మీనార్లు అలంకృతమైన వసారాలతో అంచెలంచెలుగా పైకి సాగుతాయి. మక్కా మసీదు ముఖభాగంలోనూ కమానులు అయిదే; కాని అక్కడ మనలను ఆకట్టుకునేది నల్లరాతి గాంభీర్యం, విస్తృతి. ఆ విస్తృతికి తగిన ఎత్తు దాని మీనార్లకు లేదు. టోలీ మసీదులో మీనార్లకూ ముఖభాగానికీ పొందిక కుదిరింది. గచ్చుపనిలోని పద్మాలు, లతలు, చూరు కింది బోదెలు దక్కను శిల్పుల చేతివాటాన్ని చాటుతున్నాయి. ఆలయ శిల్పంలో ఆరితేరిన సంప్రదాయం మసీదు గోడపై ఇంత సహజంగా ఒదగడం ఈ నేల ప్రత్యేకత. పరిమాణంలో చిన్నదైనా, రచనలో ఇది పెద్దదానికి అనుబంధం కాదు.

ఈ కట్టడపు విలువ అధికంగా గచ్చుపనిలోనే ఉన్నందువల్ల ప్రమాదమూ అక్కడే ఉంది. రాతి కట్టడం కొంత నిర్లక్ష్యాన్ని ఓర్చుకుంటుంది, గచ్చు ఓర్చుకోదు. పొరపై పొరగా సున్నం పూస్తూ పోతే లతల అంచులు పూడిపోతాయి. సిమెంటుతో మరమ్మతు చేస్తే గోడలోని తేమకు దారి మూసుకుపోయి, చుట్టూ ఉన్న పాత గచ్చు పెళ్లలుగా ఊడుతుంది. డంగు సున్నం పనిలో నేర్పుగల మేస్త్రీలతోనే ఇటువంటి చోట్ల పని చేయించాలి. పని ప్రారంభించడానికి ముందే ప్రతి అలంకరణనూ కొలిచి, చిత్రించి భద్రపరచాలి. మరమ్మతుల అంచనాలు చదరపు గజాల లెక్కన తయారవుతున్నంత కాలం ఈ జాగ్రత్తకు చోటుండదు. గచ్చు పోయిననాడు మిగిలేవి గోడలు, ఒక దమ్మిడీ కథ మాత్రమే.