దెయ్యం కన్నా దస్తావేజు ముఖ్యం

ఆస్తి లేనిదే ఈ కథ లేదు. పెద్ద ఇల్లు, తండ్రి పోయిన ఒక్కగానొక్క కూతురు, తాళం వేసిన మేడగది, అర్ధరాత్రి అడుగుల చప్పుడు. విన్నానని ఆమె అంటుంది. మాకేమీ వినపడలేదే అని ఇంటిల్లిపాదీ అంటారు. కొన్నాళ్లకు ఆమెకే తన చెవుల మీద నమ్మకం సడలుతుంది. గోథిక్ థ్రిల్లర్ అనే ఈ కోవ కథల్లో దెయ్యం కన్నా దస్తావేజు ముఖ్యం.

1859లో సీరియల్‌గా మొదలైన విల్కీ కాలిన్స్ నవల 'ది వుమన్ ఇన్ వైట్'లో లారా అనే సంపన్నురాలిని వేరే పేరుతో పిచ్చాసుపత్రిలో పడేస్తారు. ఆమె పోలికలున్న ఇంకొకామె చనిపోతే, లారాయే పోయిందని లోకాన్ని నమ్మిస్తారు. అప్పటి ఇంగ్లండులో పెళ్లైతే ఆడదాని సొమ్ము చాలావరకు మొగుడి చేతికి పోయేది; 1882 చట్టం దాకా అంతే. మన పాత ధర్మశాస్త్రమైతే మతి చలించినవారికి వారసత్వమే లేదంది. 1928 చట్టం ఆ నిషేధాన్ని పుట్టుకతో మతిలేనివారికి పరిమితం చేసింది, 1956 హిందూ వారసత్వ చట్టం పూర్తిగా తీసేసింది. ఈ షరతు సినిమాకూ ఎక్కింది. హిందీ సినిమా 'వో కౌన్ థీ'ని 1966లో తెలుగులో జగ్గయ్య, జయలలితలతో 'ఆమె ఎవరు?'గా తీశారు. అందులో బలి కావలసింది మగవాడు. మతి చెడితే ఆస్తి దక్కదన్న షరతే కుట్రకు మూలం.

ఇలాంటి ఆస్తి తగాదాలు విజయనగరం సీమకు కొత్త కాదు. 1897లో మహారాజు ఆనందగజపతి సంతానం లేకుండా పోయాక సంస్థానం వారసత్వం కోర్టుకెక్కింది. ఆయన సోదరి రీవా మహారాణి దగ్గర కార్యదర్శిగా గురజాడ ఆ కాగితాలతో ఏళ్ల తరబడి కుస్తీ పట్టారు.

ఈ కథల్లో మొదటి కిటుకు చిన్న వస్తువుల్లో ఉంటుంది. ప్యాట్రిక్ హామిల్టన్ 1938 నాటకం 'గ్యాస్ లైట్'లో మొగుడు బయటికి వెళ్తున్నానని చెప్పి, దొంగచాటుగా పై అంతస్తుకు చేరి నగల కోసం వెతుకుతాడు. పైన దీపం వెలిగిస్తే గ్యాసు ఒత్తిడి తగ్గి కింద భార్య గదిలో దీపం మసకబారుతుంది, మోటారు వేయగానే ఇంట్లో బల్బు డల్లయినట్టు. ఆమె చూసింది నిజం. నీ భ్రమ అని అతను అన్నది అబద్ధం. సాక్ష్యం మన కళ్లముందే ఉంటుంది. సాక్షి మాటకే విలువ లేకుండా చేస్తారు. మాయమైన వస్తువైనా, మసకబారిన దీపమైనా చిన్నదే కావాలి. పెద్దదైతే ఆమె పోలీసుల దగ్గరికి పోతుంది. చిన్నది కాబట్టే తననే అనుమానించుకుంటుంది.

రెండో కిటుకు, దెయ్యమా మనిషి కుట్రా అన్న రెండు కారణాలనూ చివరిదాకా బతికించడం. యండమూరి వీరేంద్రనాథ్ 'తులసిదళం' ఇందులో మనకు పెద్ద పాఠం. అక్కడ వారసురాలు చిన్నపిల్ల, ఆమె పేరన రాబోయే డబ్బే ఆమెకు శత్రువు. పాప బాధకు చేతబడి కారణమా, హిప్నాటిజమా? నవల రెండు దారులనూ సమంగా నడిపి తీర్పు పాఠకుడికి వదిలేస్తుంది. అదే 2009 సినిమా 'అరుంధతి'లో గద్వాల సంస్థానపు వారసురాలికి ఎదురైంది అచ్చమైన ప్రేతమే. అక్కడ భయం ఉంది, సందేహం లేదు.

వాతావరణానికి మనకు కొదవేం లేదు. శృంగవరపుకోట దాటి అనంతగిరి ఘాట్ ఎక్కితే శీతకాలం పొద్దున మంచులో ఎదుటి మలుపు ఆనదు. అయినా ఆ కొండల్లో మంచు కన్నా 'చిల్లంగి', అంటే చేతబడి, అన్న మాట ఎక్కువ భయపెడుతుంది. ఆ అనుమానంతో మనుషుల్ని కొట్టి చంపిన ఉదంతాలు ఏజెన్సీలో ఉన్నాయి. కింద ఊళ్లలో ఆ పని 'పిచ్చి' అన్న ముద్ర చేస్తుంది. ఒకసారి ముద్ర పడితే ఆ మనిషి ఏం చెప్పినా వినక్కర్లేదు.

1985 నుంచి మన రాష్ట్రంలో, 2005 నుంచి దేశమంతటా ఉమ్మడి ఆస్తిలో కూతురికీ కొడుకుతో సమానంగా వాటా వచ్చింది. వారసురాలు కావడానికి సంస్థానాలు అక్కర్లేదు, ఎకరం పొలం చాలు. ఈ నవలలు చదివినవాళ్లకు ఒక మంచి అలవాటు అబ్బుతుంది. ఫలానా అమ్మాయికి మతి సరిగ్గా లేదట అని ఎవరైనా అంటే, పాపం అనేముందు పాసుపుస్తకం ఎవరి పేరన ఉందని అడుగుతారు.