అద్దం వెనుక ఆత్మీయత: ‘అమేలీ’ చిత్రంలో దృశ్యశైలి, ఇతివృత్తం

ప్రస్తావన

ఫ్రెంచి దర్శకుడు జాన్ పియెర్ జునే 2001లో రూపొందించిన ‘అమేలీ’ చిత్రం రంగులకూ చమత్కారాలకూ ప్రసిద్ధి పొందింది. ప్యారిస్‌లోని మోంమార్త్ర్ ప్రాంతంలో ఒక కెఫేలో పనిచేసే యువతి ఇతరుల జీవితాలను రహస్యంగా చక్కదిద్దుతుంది; తన ప్రేమను మాత్రం చెప్పుకోలేకపోతుంది. ఇంత సరళమైన ఇతివృత్తానికి అంత అలంకృతమైన శైలి ఎందుకన్న ప్రశ్న సహజం. నాయిక లోకాన్ని చూసే తీరునే చిత్రం తన శైలిగా స్వీకరించిందని, దాని బలమూ పరిమితీ రెండూ అందులోనే ఉన్నాయని చూపడం ఈ వ్యాసం ఉద్దేశం.

వర్ణవిన్యాసం

ఛాయాగ్రాహకుడు బ్రూనో డెల్బొనెల్ ఎరుపు, ఆకుపచ్చ, బంగారు పసుపు వర్ణాలకు ప్రాధాన్యమిచ్చి, అక్కడక్కడ ఒక నీలిచుక్కను మాత్రమే అనుమతించాడు. ఈ వర్ణమేళనానికి బ్రెజిల్ చిత్రకారుడు జుఆరెజ్ మషాదో చిత్రాలు ప్రేరణ. చిత్రీకరణ తర్వాత రంగులను డిజిటల్ పద్ధతిలో సవరించారు. ఆలంకారికుల పరిభాషలో పరిసరాలు రసానికి ఉద్దీపన విభావాలు. అవి పాత్రలోని భావాన్ని రగిలిస్తాయి. ఇక్కడ ఆ సంబంధం తలకిందులైంది. పాత్ర మనసులోని వన్నెనే పరిసరాలు పులుముకున్నాయి. అమేలీ పడకగది ఎరుపు, ఒంటరిగా ఉన్నప్పుడే ఆమెకు దక్కే వెచ్చదనం.

బాల్యకథనం దీనికి కారణం చూపుతుంది. తండ్రి వైద్యుడు. పరీక్ష చేసేటప్పుడు తప్ప కూతుర్ని తాకడు. ఆ అరుదైన స్పర్శకు పాప గుండె వేగంగా కొట్టుకుంటే, దానిని ఆయన హృద్రోగమనుకుంటాడు. పెద్దయిన అమేలీ నీనోను చూసినప్పుడు ఆమె గుండె ఛాతీలో వెలుగుతూ తెరపై కనిపిస్తుంది. అతడు కెఫే నుంచి వెళ్లిపోయినప్పుడు ఆమె నీరై నేలపై జారిపోతుంది. నోరు విప్పలేని పాత్రకు ఈ చమత్కారాలే అనుభావాలు. కెమెరా కూడా వైడ్ యాంగిల్ కటకంతో ఆమె ముఖానికి అతిచేరువగా వెళుతుంది. కథలో ఎవరికీ దక్కని సాన్నిహిత్యం ప్రేక్షకుడికి దక్కుతుంది.

చట్రాలు, గాజుపలకలు

చిత్రంలో చూపులన్నీ ఏదో ఒక చట్రం గుండా సాగుతాయి. అమేలీ పొరుగింటి దుఫాయెల్‌ను బైనాక్యులర్స్‌తో చూస్తుంది. నీనో ఫోటో యంత్రాల దగ్గర జనం పారేసిన చిత్రాలను ఏరి ఆల్బంలో అతికిస్తాడు. అతడు స్వయంగా కెఫేకు వచ్చినప్పుడు కూడా ఆమె గాజుపలక చాటునే నిలుస్తుంది. ఎముకలు పెళుసైన వ్యాధితో ఇల్లు కదలని దుఫాయెల్ రెన్వార్ గీసిన పడవ విహారుల విందు చిత్రానికి ఏటా ఒక నకలు గీస్తాడు. 20 ఏళ్లుగా అందులో గ్లాసుతో నీళ్లు తాగే యువతి ముఖభావం మాత్రం అతడికి చిక్కదు. ఆ యువతి గురించి వారిద్దరూ చర్చించుకోవడం, అమేలీ గురించి నేరుగా మాట్లాడలేక ఎన్నుకున్న మార్గం.

ఉపకారం, అసత్యం

స్నానాలగది గోడలో దొరికిన డబ్బాను దాని యజమాని బ్రెతొదోకు చేర్చడం నిష్కళంకమైన ఉపకారం. మదలీన్‌కు చనిపోయిన భర్త రాసినట్లు లేఖను సృష్టించడం అలాంటిది కాదు. పాత లేఖల నకళ్లను ముక్కలుగా కత్తిరించి, కొత్త వాక్యాలుగా కూర్చి, కాగితాన్ని టీతో తడిపి పాతదిగా మార్చడం ఓదార్పు కోసం చేసిన కూటకరణ. కూరగాయల వ్యాపారి కొలిన్యోఁ ఇంట్లో దొంగచాటుగా చొరబడి చేసే అల్లరి హాస్యమే అయినా, దయకూ జోక్యానికీ మధ్య గీత ఎంత పలుచనిదో చూపుతుంది. అంధుడికి వీధిని కళ్లకు కట్టినట్లు వర్ణించిన అమేలీ, అతడు మాట్లాడేలోపే వెళ్లిపోతుంది. ఇవ్వడం ఆమెకు తెలుసు, పుచ్చుకోవడం తెలియదు. చివరకు దుఫాయెల్ పంపిన వీడియో సందేశమే ఆమెను మందలించి కదిలిస్తుంది.

ప్యారిస్ ప్రశ్న

ఈ చిత్రం చూపిన ప్యారిస్‌లో నగరపు నిజమైన జనవైవిధ్యం లేదని విమర్శకుడు సెర్జ్ కగాన్‌స్కీ 2001లో ‘లిబెరాసియోఁ’ పత్రికలో తీవ్రంగా ఆక్షేపించాడు. కొలిన్యోఁ దుకాణంలో పనిచేసే లుసియెఁ పాత్రను మొరాకో మూలాలున్న జమెల్ దెబ్బూజ్ ధరించాడన్నది ఆ విమర్శకు తరచుగా వినిపించే సమాధానం. అది సరిపోదు. ఆ పాత్రకు ఉన్నది ఫ్రెంచి పేరే. అతడి నేపథ్యం కథలో ప్రస్తావనకే రాదు. కథాకాలం 1997. బ్రిటన్ యువరాణి డయానా మరణవార్త చరిత్ర నుంచి కథలోకి ప్రవేశిస్తుంది. అయితే అమేలీ చేతిలోని సీసా మూత జారిపడి, డబ్బా బయటపడటానికి నిమిత్తంగా మాత్రమే ఆ వార్త ఉపయోగపడుతుంది. మదలీన్ కోసం అమేలీ లేఖకు చేసిన పనినే, ప్రేక్షకుడి కోసం దర్శకుడు నగరానికి చేశాడు: ఇష్టమైన ముక్కలు ఏరి, పాతదనపు రంగు అద్దాడు.

ముగింపు

కథ పతాకదశలో అమేలీ తలుపు తెరుస్తుంది. ఎదుట నీనో. అక్కడ మాటలు దాదాపు లేవు; చమత్కారాలు ఆగుతాయి; స్పర్శ మొదలవుతుంది. అద్దం చాటున బతకడం జీవితం కాదని చిత్రం తన నాయికకు నేర్పింది. ఆ పాఠాన్ని నగరాన్ని చూసే తన చూపుకు మాత్రం వర్తింపజేయలేదు. ‘అమేలీ’ శైలిని కేవల సౌందర్యంగా మెచ్చుకోవడం, కేవల పలాయనంగా తోసిపుచ్చడం, రెండూ ఈ వైరుధ్యాన్ని దాటవేస్తాయి. ఒంటరి మనసు అల్లుకున్న లోకంగా ఆ ప్యారిస్ సత్యం. నగరంగా అది అసంపూర్ణం.