తెరపై గద్దర్: గాయకుని అభినయం, కవి అజ్ఞాతం

గద్దర్ సినీకృషిని గీతరచనకూ గానానికీ పరిమితం చేసి చూడటం విమర్శలో పరిపాటి. ఆయన అభినయమూ పరిశీలించదగినదే. గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో బి. నర్సింగరావు నిర్మించిన ‘మాభూమి’ (1979)లో ఆయన కథాపాత్రగా కాక గాయకుడిగానే కనిపిస్తాడు. జననాట్యమండలి ప్రదర్శనల్లో అలవడిన ఆంగికమే అక్కడ నటన. అయితే పాడిన ‘బండెనక బండి కట్టి’ ఆయన రచన కాదు. సాయుధ పోరాటకాలంలో సూర్యాపేట ప్రాంతపు బండి యాదగిరి కట్టినది. అభినయం ఎంత సహజంగా కుదిరిందంటే, పలువురు ప్రేక్షకులు దానిని గద్దర్ పాటగానే స్వీకరించారు. పాటకు దక్కిన ప్రాచుర్యం యాదగిరికి దక్కలేదు. ‘జై బోలో తెలంగాణ’ (2011)లోని ‘పొడుస్తున్న పొద్దుమీద’కు రచన, గానం, అభినయం మూడూ గద్దర్‌వే. అక్కడ కర్తృత్వ సందిగ్ధత లేదు. కాని అప్పటికే ఆయన ఉద్యమప్రతీక. ప్రేక్షకుని చూపు పాటకన్న ముందు ఆయన రూపంపై నిలుస్తుంది. అభినయదృష్టితో ‘మాభూమి’ సన్నివేశమే మేలైనది.