చిల్లుల్లో పొదిగిన వెలుగు

ఒక తెల్లపంచె. దాని వెనక ఒక దీపం. ఆ రెంటి నడుమ మూరెడు చీకటి. లోకాలను పుట్టించడానికి మీకు ఇంత చాలు.

నీడల నేతగాళ్ళారా, తోలుబొమ్మల ఆటగాళ్ళారా, మీకు దండం.

ధర్మవరంలో మగ్గాల మీద పట్టు నేస్తారు. ఆ మండలంలోనే నిమ్మలకుంటలో మీరు వెలుగు నేస్తారు. మీ పడుగు తోలు, మీ పేక దీపం. పట్టుచీరకు అంచు ఉంటుంది. మీ నేతకు అంచు లేదు. తెర చుట్టేసి బండెక్కించాక కూడా అది మా రెప్పల వెనక సాగుతూనే ఉంటుంది.

మేకతోలును నానబెడతారు, వెంట్రుకలు గీకుతారు, బిగలాగి ఎండబెడతారు. గీకేకొద్దీ పలచనవుతుంది, పలచనయ్యేకొద్దీ వెలుగుకు దారి ఇస్తుంది. అప్పుడు దాని మీద సీతమ్మ గీత పడుతుంది. మెడలో హారం కావాలి. ముత్యాలు ఎక్కడినుంచి తెస్తారు? ఉలి మొన ఆనించి ఒక్క దెబ్బ, ఒక చిల్లు. పక్కన ఇంకొకటి. ఆవగింజంత చిల్లు, వడ్లగింజంత చిల్లు, నెలవంకలాంటి చిల్లు. పగటిపూట చేతిలోకి తీసుకుని చూస్తే ఒళ్ళంతా గాయాలే. రాత్రి వెనక దీపం వెలగగానే ప్రతి గాయమూ ఒక ముత్యం. ఏ కంసాలీ చెయ్యలేని నగ ఇది. సీతమ్మ ఒంటిమీది బంగారమంతా, అక్కడ తోలు లేకపోవడమే.

లేనిదాన్ని ధగధగలాడించిన ఆ ఉలికి దండం.

హనుమంతుడు సముద్రం ముందు నిలబడ్డాడు. బొమ్మ తెరకు ఆనుకుని ఉంది, తోక మీది వెంట్రుక కూడా లెక్కపెట్టొచ్చు. ఆటగాడు దాన్ని మెల్లగా వెనక్కి, దీపం వైపుకు లాగాడు. ఒక్క అడుగే. తెర మీద కోతి కొండయింది. భుజాలు తెరను దాటిపోయాయి, అంచులు చెదిరి ఆకాశంలో కలిసిపోయాయి. కింద చెక్కపలక మీద కాలు దబదబా పడుతుంటే కడలి కదిలినట్టుంది. బొమ్మను చటుక్కున పక్కకు తిప్పాడు. కొండ గీతయింది, గీత మాయమైంది. హనుమంతుడు లంక దారి పట్టాడు. ముందు వరుసలో పిల్లవాడు ఊపిరి బిగబట్టి కూర్చున్నాడు.

మాయ అంటే మోసమని లోకం అనుకుంటుంది. మీ మాయలో దాచిందేమీ లేదు. ఎవరైనా లేచి తెర వెనక్కి వచ్చి చూడవచ్చు. ఈతముళ్ళతో గుచ్చి నిలిపిన దేవుళ్ళు, నుదుట చెమట కారుతుండగా రావణుడై గర్జిస్తున్న ఒక మామూలు మనిషి, పక్కనే సీతమ్మ శోకాన్ని తన గొంతులో పాడుతున్న అతని ఇల్లాలు. ఇదంతా చూసి వచ్చి మళ్ళీ ముందు కూర్చున్నవాడు కూడా రావణుడికి భయపడతాడు. గుట్టు తెలిశాక కూడా చెదరనిదే అసలైన మాయ.

మీ ఇళ్ళల్లో పొయ్యి దగ్గర మాట మరాఠీ. తెర కట్టగానే మీ గొంతులోకి గోన బుద్ధారెడ్డి రామాయణపు ద్విపద నడిచి వస్తుంది. మా రాముణ్ణి మా భాషలో మాకే పాడి వినిపించిన మీ నాలుకకు దండం. రాజుల గొప్పలు మితిమీరినప్పుడల్లా హాస్యపు బొమ్మలైన బంగారక్కనూ కేతిగాణ్ణీ తెర మీదికి తోలి, ఊరంతటినీ పొట్టచెక్కలయ్యేలా నవ్వించిన మీ తెగువకు దండం.

పాల్కురికి సోమనాథుడి కాలానికే, అంటే 13వ శతాబ్దానికే, బొమ్మలాట తెలుగువారి వేడుక. వానలు మొహం చాటేస్తే ఊరు మీకు కబురు పంపి విరాటపర్వం ఆడించుకునేది. అప్పటి దీపం ఆముదానిది. మంట వణికితే బొమ్మలు ఊపిరి పీల్చేవి. తర్వాత పెట్రోమాక్సు వచ్చింది, ఆ తర్వాత కరెంటు బల్బు. బల్బు వణకదు. ఇప్పుడు ఆ ఊపిరి కూడా మీ వేళ్ళే ఊదాలి.

ఊళ్ళు పిలవడం తగ్గించాయి. మీరు ఉలి కింద పెట్టలేదు. ఆ చిల్లులే ఇప్పుడు పట్నపు ఇళ్ళలో ల్యాంప్‌షేడ్లయి, గోడల మీద పూలు పూయిస్తున్నాయి. 2020లో నిమ్మలకుంట దళవాయి చలపతిరావు గారికి పద్మశ్రీ వచ్చినప్పుడు, పేరులేకుండా తెర వెనకే ఉండిపోయిన తాతలందరూ ఒక్కసారి వెలుగులోకి వచ్చినట్టయింది.

బొమ్మ ముసలిదైతే మీరు పారెయ్యరు. మనిషిని సాగనంపినట్టు ఏటిలో విడిచిపెడతారు. ఎన్నో రాత్రులు వెలుగు దాటిన ఆ చిల్లుల్లోంచి ఆఖరికి నీళ్ళు దాటుతాయి.

తూర్పు తెల్లబడింది. పట్టాభిషేకం అయిపోయింది, మంగళహారతి పాడారు. దీపం ఆర్పగానే తెర మళ్ళీ తెల్లపంచె అయింది. నిద్రకళ్ళతో పిల్లవాడు ఇంటిదారి పట్టాడు. దారిలో వేపచెట్టు కింద తొలి ఎండ ఆకుల సందుల్లోంచి చుక్కలు చుక్కలుగా రాలి ఉంది. వాడు ఆగాడు. ఒక్క చుక్కనైనా తొక్కకుండా, కాలు ఎత్తెత్తి వేస్తూ దాటాడు.

అవి ఎవరి నగలో వాడికి తెలుసు.