ఎవాన్స్ కెప్టెన్ బేరం

రాజు బంటును రెండు గళ్లు తోసి మొదలుపెట్టే ఓపెనింగుల్లో ముందుగా ఏది నేర్చుకోవాలని క్లబ్ ఆటగాడు అడిగితే, రూయ్ లోపెజ్ అని కొందరు, నిదానంగా సాగే ఇటాలియన్ అని కొందరు చెబుతారు. నన్నడిగితే ఎవాన్స్ గ్యాంబిట్ అంటాను. రూయ్ లోపెజ్‌లో తెల్ల బిషప్ బి5కి ఎందుకెళ్లిందో, ఆ ఒత్తిడి ఎప్పటికి పండుతుందో ఒంటబట్టడానికి ఏళ్లు పడుతుంది. ఎవాన్స్‌లో అంత ఓపిక అక్కర్లేదు. ఇచ్చిందెంత, వచ్చిందెంత అన్నది పది పదిహేను ఎత్తుల్లో తేలిపోతుంది.

దీన్ని కనిపెట్టిన మనిషి చదరంగమే వృత్తిగా బతికినవాడు కాడు. విలియం డేవిస్ ఎవాన్స్ (1790–1872) వేల్స్‌కు చెందిన ఓడ కెప్టెన్. మిల్‌ఫర్డ్ హేవెన్ నుంచి ఐర్లండ్‌లోని వాటర్‌ఫర్డ్‌కు తపాలా ఓడ నడిపేవాడు. రాత్రిపూట ఓడలు ఢీకొనకుండా మూడు రంగుల దీపాలు పెట్టే పద్ధతి కూడా ఆయన ఆలోచనేనంటారు. 1820లలో లండన్‌కు వచ్చినప్పుడు అప్పటి గట్టి ఆటగాడు అలెగ్జాండర్ మెక్‌డొనెల్‌ను ఈ గ్యాంబిట్‌తోనే ఓడించాడు. 1834లో మెక్‌డొనెల్‌కూ, ఫ్రాన్స్ దిగ్గజం లాబూర్దొనేకూ లండన్‌లో 85 ఆటలు జరిగాయి. వాటిలో ఈ ఓపెనింగ్ ఇద్దరి చేతుల్లోనూ బాగా నలిగింది. 1852లో బెర్లిన్‌లో ఆండర్సన్ ఆడిన, ఇప్పటికీ ‘ఎవర్‌గ్రీన్’ అని పిలుచుకునే ఆట ఇదే. హవానాలో ప్రపంచ టైటిల్ కోసం స్టైనిట్జ్‌తో తలపడిన చిగోరిన్ పదేపదే ఆడింది కూడా ఇదే.

ఇక పనితనం దగ్గరికి వద్దాం. మొదటి మూడు ఎత్తులూ మామూలు ఇటాలియనే. ఇ4, ఇ5. తెల్ల గుర్రం ఎఫ్3కి, నల్ల గుర్రం సి6కి. తెల్ల బిషప్ సి4కి, నల్ల బిషప్ సి5కి. తెల్లవాడి మనసంతా ఇప్పుడు డి4 మీద ఉంటుంది. ఇ4, డి4 గళ్లలో రెండు బంట్లు పక్కపక్కన నిలబడితే బోర్డు నడిబొడ్డు తనదే. కానీ దానికి ముందు సి3తో ఆసరా వేసుకోవాలి. ఆ సి3కి ఒక ఎత్తు ఖర్చవుతుంది. ఆ సందులో నల్లవాడు గుర్రాన్ని ఎఫ్6కి దూకించి ఇ4 బంటు మీద కన్నేస్తాడు. తర్వాత డి4 పడి బంట్లు మారినా, బిషప్‌తో బి4లో చెక్ చెప్పి ఊపిరి పీల్చుకుంటాడు.

ఎవాన్స్ నాలుగో ఎత్తుగా బి4 ఆడాడు. చూడ్డానికి ఊరికే పారేసిన బంటులా ఉంటుంది. బిషప్ దాన్ని తింటుంది. ఇప్పుడు సి3. ఇందాకటి సి3యే, కానీ ఈసారి బిషప్ మీద దాడిగా వచ్చింది. బిషప్‌ను తప్పించుకోవడానికే నల్లవాడి ఎత్తు సరిపోతుంది, గుర్రాన్ని కదిపే తీరిక ఉండదు. వెంటనే డి4. ఒక బంటు చెల్లించి ఒక ఎత్తు కొన్నాడు. బేరమంటే ఇదీ.

ఈ బేరంలో కొసరు కూడా ఉంది. బి2 ఖాళీ కావడంతో సి1లోని బిషప్‌కు ఎ3 దారి తెరుచుకుంది. అక్కడి నుంచి దాని చూపు ఎఫ్8 దాకా పారితే నల్లవాడు రాజు వైపు కాసిలింగ్ చేయలేడు. క్వీన్‌కు బి3 దొరికింది. అక్కడ సి4 బిషప్ వెనక నిలబడితే ఇద్దరి గురీ ఎఫ్7 మీదే. రాజు తప్ప కాపలా లేని గడి అది. ఇచ్చిన బంటు ఏదో కూడా గమనించండి. కింగ్స్ గ్యాంబిట్‌లో ఇచ్చే ఎఫ్ బంటుతో సొంత రాజు ముందరి గోడే పడిపోతుంది. బి బంటు పోతే రాజుకు వచ్చే నష్టమేమీ లేదు. రెండు గ్యాంబిట్లనూ ఒకే గాటన కట్టి ‘పాతకాలపు దూకుడు’ అనేవాళ్లు ఈ తేడా చూడరు.

దీన్ని పూర్తిగా చూడాలంటే 1963లో న్యూయార్క్‌లో బాబీ ఫిషర్, రూబెన్ ఫైన్‌తో సరదాగా ఆడిన ఆట ముందు పెట్టుకోవాలి. ఫైన్ సామాన్యుడు కాడు. 1930లలో ప్రపంచంలోని అత్యుత్తమ ఆటగాళ్లలో ఒకడు, తర్వాత మనస్తత్వ విశ్లేషకుడిగా స్థిరపడ్డాడు. ఆట పదిహేడు ఎత్తుల్లో ముగిసింది. ఫిషర్ దాన్ని తన అరవై ఆటల పుస్తకంలో చేర్చుకున్నాడు.

నల్ల బిషప్ ఎ5కి తప్పుకుంది. ఫిషర్ డి4 ఆడాడు, ఫైన్ ఆ బంటునూ తిన్నాడు. ఫిషర్ కాసిలింగ్ చేశాడు, ఫైన్ సి3 బంటును కూడా తిన్నాడు. ఎనిమిదో ఎత్తులో తెల్ల క్వీన్ బి3కి వచ్చింది. ఎఫ్7ను కాయడానికి నల్ల క్వీన్ ఇ7కి వెళ్లింది. తెల్ల గుర్రం సి3 బంటును తిని బయటికొచ్చింది. ఇక్కడ ఫైన్ గుర్రాన్ని ఎఫ్6కి తెచ్చాడు. సహజంగా కనిపించే ఎత్తే, కానీ కొంప ముంచింది. ఫిషర్ గుర్రం నేరుగా డి5లో దిగి క్వీన్‌ను అదిలించింది. ఫైన్ దాన్ని తన గుర్రంతో చంపాడు, ఇ4 బంటు ఆ గుర్రాన్ని చంపింది. దాంతో రాజు ఎదుట ఇ వరుస బార్లా తెరుచుకుంది. ఇ5కి వచ్చిన నల్ల గుర్రం కూడా మార్పిడిలో పోయి, నల్ల క్వీన్ ఇ5లో నిలిచింది. అప్పుడు తెల్ల బిషప్ బి2కి వచ్చింది. నాలుగో ఎత్తులో ఖాళీ చేసిన గడే అది. క్వీన్ జి5కి తప్పుకుని జి7ను కాపాడుతోంది. ఫిషర్ హెచ్4 ఆడి ఆ కాపలాను పక్కకు లాగాడు. ఫైన్ బంటును తిన్నాడు, బిషప్ జి7 బంటును తింది. నల్ల రూక్ జి8కి జరిగింది. రూక్ ఇ1లో చెక్, రాజు డి8కి. పదిహేడో ఎత్తు: తెల్ల క్వీన్ జి3. క్వీన్‌తో క్వీన్‌ను చంపితే బిషప్ ఎఫ్6లో మేట్. రూక్‌తో బిషప్‌ను తింటే చెక్‌తో నల్ల క్వీన్ పోతుంది. ఫైన్ ఓటమి ఒప్పుకున్నాడు. ఎ8 రూక్, సి8 బిషప్ ఒక్కసారైనా కదలలేదు.

అయితే ఈ బేరానికి సరైన జవాబు ఇమాన్యుయెల్ లాస్కర్ ఏనాడో చెప్పాడు. తిన్న బంటును పట్టుకుని వేలాడకు, అవసరమైనప్పుడు తిరిగి ఇచ్చెయ్ అన్నదే ఆయన పద్ధతి. తెల్లవాడు డి4కి ముందే కాసిలింగ్ చేస్తే, నల్లవాడు డి6 ఆడి, తర్వాత బిషప్‌ను బి6కి లాక్కుంటాడు. తెల్లవాడు బంటు వెనక్కి తీసుకోబోతే క్వీన్‌లు మారిపోతాయి, దాడి చప్పబడుతుంది. అందుకే ఇప్పుడు చాలామంది కాసిలింగ్‌ను వాయిదా వేసి ముందు డి4 ఆడతారు. నల్లవాడు డి6 ఆడితే క్వీన్‌ను బి3కి తెచ్చి ఎఫ్7ను బెదిరిస్తారు. ఒక్క ఎత్తు ముందూ వెనకా అయితే ఎంత తేడా వస్తుందో నేర్పడానికి ఇంతకన్నా మంచి పాఠం లేదు.

లాస్కర్ తర్వాత ఈ ఓపెనింగ్ పెద్ద పోటీల్లో బాగా అరుదైపోయింది. 1995లో రీగాలో జరిగిన తాల్ స్మారక టోర్నీలో గ్యారీ కాస్పరోవ్ దీన్ని విశ్వనాథన్ ఆనంద్ మీద ప్రయోగించాడు. ఆనంద్ బిషప్‌ను ఎ5కి కాకుండా ఇ7కి లాగాడు. తర్వాత గుర్రాన్ని ఎ5కి తెచ్చి సి4 బిషప్‌ను బెదిరిస్తే కాస్పరోవ్ దాన్ని తన రాజు ముందున్న ఇ2కి వెనక్కి తీసుకున్నాడు. బంటు పోగొట్టుకున్నవాడు ఆడే ఎత్తులా ఉండదది. నాకు ఆ ఆటలో అన్నిటికన్నా నచ్చే ఎత్తు అదే. నడిబొడ్డు తన చేతిలో ఉన్నంతసేపూ తొందరేమీ లేదని కాస్పరోవ్‌కు తెలుసు. ఆనంద్ 25వ ఎత్తు దగ్గర ఆట వదులుకున్నాడు. అదే ఏడాది న్యూయార్క్‌లో వీళ్లిద్దరూ ప్రపంచ టైటిల్ కోసం తలపడ్డారు.

కంప్యూటర్‌ను అడిగితే ఎవాన్స్‌లో తెల్లవాడికి ఆధిక్యమేమీ లేదంటుంది. నిజమే. నల్లవాడు సరిగ్గా ఆడితే సమానమే. కానీ క్లబ్‌లో పదిహేను నిమిషాల ఆటలో ఆ సరైన ఎత్తులన్నీ వరుసగా దొరకపుచ్చుకోవడం ఎంత కష్టమో ఒకసారి నల్లపావులతో కూర్చుంటే తెలుస్తుంది. ఎవాన్స్ ఆడదలుచుకున్నవాళ్లు వరసలు బట్టీ పట్టడానికి ముందు ఫిషర్ ఆటను బోర్డు మీద చేత్తో పేర్చి చూడండి. నల్లపావులతో ఇది ఎదురైతే మాత్రం తిన్న బంటు తిరిగి ఇవ్వడానికి వెనకాడకండి.