ఆ అంకె పేరేమిటి?

ఉద్యోగంలో చేరిన కొత్తలో ఒకసారి నాకు రాత్రి సపోర్ట్ డ్యూటీ పడింది. కస్టమర్ దగ్గర నడుస్తున్న మా ప్రోగ్రాం కూలిపోయింది. పోతూ పోతూ అది లాగ్‌లో వదిలింది ఒక్కటే అంకె: 559320719189. మెమరీలో ఫలానా చోట ఉండగా ప్రాణం పోయిందని దాని అర్థం. ఆ చోటు ఏ ఫంక్షన్‌లోదో, ఎన్నో లైన్‌దో అంకె చెప్పదు. చిరునామా ఇస్తే లైన్ చెప్పే చిన్న టూల్ ఒకటి ఉంది. చేతికందిన సింబల్ ఫైలు దానికిచ్చాను. చిటికెలో ఫంక్షన్ పేరు, ఫైలు పేరు, లైన్ నంబరు వచ్చేశాయి. తెల్లారేదాకా ఆ లైన్ చుట్టూ తిరిగాను. అందులో ఏ తప్పూ లేదు.

పొద్దున్నే వచ్చిన మా సీనియర్ నా వెనక నిలబడి స్క్రీన్ చూసి, "బిల్డ్ ఐడీ కలిసిందా?" అన్నాడు.

"అదేంటన్నా?"

"అది చూడకుండానే రాత్రంతా తవ్వావా!"

నేనిచ్చిన సింబల్ ఫైలు అంతకుముందు రోజు బిల్డ్‌ది. కూలిన ప్రోగ్రాం దాని తర్వాతది. నడుమ ఎవరో నాలుగు లైన్లు చేర్చారు, చిరునామాలన్నీ జరిగిపోయాయి. టూల్ అబద్ధం చెప్పలేదు. నేనడిగిన పుస్తకంలో ఉన్నదే చదివి వినిపించింది. పుస్తకమే వేరు.

ఆ పొద్దున మొదలుకొని నాకు తప్పులు వెతికిపెట్టే డీబగ్గర్ల కన్నా వాటి వెనక ఉండి పేర్లు చెప్పే లైబ్రరీల మీద గురి కుదిరింది. వాటి పనితనం బయటికి కనపడదు. వాటి అవసరం మాత్రం అర్ధరాత్రి బాగా తెలిసొస్తుంది.

పద్యం, ప్రతిపదార్థం

మనం రాసే ప్రోగ్రాం వేరు, ప్రాసెసర్ నడిపేది వేరు. మనం వడ్డీ లెక్క కట్టే ఫంక్షన్‌కి 'వడ్డి' అని పేరు పెట్టుకుంటాం. ప్రాసెసర్‌కి ఆ పేరుతో పనిలేదు, ఎక్కడికి దూకాలో తెలిస్తే చాలు. కంపైలర్ అనువదించేటప్పుడు మనుషుల కోసం పెట్టుకున్నవన్నీ రాలిపోతాయి. అడిగితే మాత్రం ఆ రాలినవాటిని జాగ్రత్తగా ఏరి పక్కన రాసిపెడుతుంది. ఏ చిరునామా ఏ ఫంక్షన్‌ది, ఏ బైటు ఏ లైన్‌ది, ఏ వేరియబుల్ ఎక్కడ దాగుంది అన్నీ అందులో ఉంటాయి. దీన్నే డీబగ్ సమాచారం అంటాం. కొరుకుడుపడని పద్యం కింద ప్రతిపదార్థం వేసినట్టు. చాలాసార్లు ఈ వ్యాఖ్యానం అసలు కోడ్ కన్నా ఎన్నో రెట్లు పెద్దది. అందుకే కస్టమర్‌కి పంపే ప్రోగ్రాంలోంచి దాన్ని ఒలిచేసి, వేరే ఫైలుగా దాచుకుంటారు. సింబల్ ఫైలు అంటే అదే.

వ్యాఖ్యానం రాయడానికీ సంప్రదాయాలున్నాయి. యూనిక్స్‌లో మొదట స్టాబ్స్ అనే పద్ధతి నడిచింది. ఎల్ఫ్ అనే ఫైలు రూపం తయారైనప్పుడు దానికి తోడుగా డ్వార్ఫ్ పుట్టింది. ఎల్ఫ్ అంటే పాశ్చాత్య జానపద కథల్లోని మాయజీవి, డ్వార్ఫ్ అంటే మరుగుజ్జు. జోడీ కుదరాలని పెట్టిన చమత్కారపు పేరది. దాని అయిదో ప్రమాణం 2017లో వచ్చింది. మైక్రోసాఫ్ట్ వాళ్ళది పీడీబీ అనే మరో దారి.

రిచర్డ్ స్టాల్‌మన్ 1986లో రాసిన జీడీబీ లాంటి డీబగ్గర్‌కి ఇన్ని లిపులూ చదవడం తలకు మించిన పని. అందుకే చదివే పనిని చాలావరకు లైబ్రరీలకు అప్పగించారు. రకరకాల ఫైలు రూపాలను ఒకే తలుపులోంచి చూపించేది బీఎఫ్‌డీ. డ్వార్ఫ్‌ని చదివిపెట్టేవి లిబ్‌డ్వార్ఫ్, లిబ్‌డీడబ్ల్యూ. విండోస్‌లో పీడీబీని చదివే పని డీబీజీహెల్ప్‌ది. డీబగ్గర్ ప్రశ్న అడుగుతుంది, జవాబు వీటిది.

తీసివేతతో మొదలు

నా అంకెనే తీసుకుందాం. ఈరోజుల్లో ఆపరేటింగ్ సిస్టమ్ ప్రోగ్రాంని ప్రతిసారీ మెమరీలో కొత్తచోట దింపుతుంది. దొంగలకు ఇంటి గుర్తులు దొరకకుండా చేసే జాగ్రత్త అది. ఆ రాత్రి మా ప్రోగ్రాం 559320718000 దగ్గర దిగింది. కూలిన చిరునామాలోంచి దాన్ని తీసేస్తే 1189 మిగిలింది. ఇవి హెక్సాడెసిమల్ అంకెలు, అంటే పదుల్లో కాక పదహార్లలో లెక్కించేవి. సింబల్ ఫైలుకి అర్థమయ్యేది ఈ మిగిలిన అంకే.

ఇక సింబల్ పట్టికలో వెతకాలి. 1189 అనే పేరుతో అక్కడ ఏదీ ఉండదు. పట్టిక చూపేది ఫంక్షన్లు మొదలయ్యే చోట్లను, వాటి నడుమ చిరునామాలను కాదు. అందుకని లైబ్రరీ 1189కి మించకుండా దానికి అతి దగ్గరగా మొదలయ్యే ఫంక్షన్‌ని పట్టుకుంటుంది. అది 1169 దగ్గర మొదలైందనుకోండి. తేడా 20, మన లెక్కలో 32. అంటే ఆ ఫంక్షన్‌లో 32 బైట్లు లోపలికి వెళ్ళాక కూలింది. అయితే ఆ ఫంక్షన్ పొడవు 32 బైట్లు దాటిందో లేదో కూడా చూడాలి. చూడకపోతే రెండు ఫంక్షన్ల నడుమ ఖాళీ స్థలాన్ని కూడా పక్కింటివాళ్ళ ఖాతాలో రాసేస్తుంది.

పేరు దొరికినా అది మనం పెట్టిన రూపంలో ఉండదు. సీ ప్లస్ ప్లస్‌లో ఒకే పేరుతో ఎన్ని ఫంక్షన్లైనా ఉండొచ్చు. వాటిని విడదీయడానికి కంపైలర్ పేరులోనే వివరాలన్నీ కుక్కుతుంది. రెండు పూర్ణాంకాలు తీసుకునే 'వడ్డి' ఫంక్షన్ (ఇంగ్లీషు అక్షరాల్లో vaddi) లినక్స్‌లో ఇలా మారుతుంది: అండర్‌స్కోర్, జెడ్, 5, వి, ఎ, డి, డి, ఐ, ఐ, ఐ. చివర మూడు ఐలు వచ్చాయి చూశారా! ఏది పేరులోది, ఏది తర్వాతది? ఆ చిక్కు విప్పేది ముందున్న 5. పేరు అయిదు అక్షరాలు, కాబట్టి మొదటి ఐ పేరుది. తర్వాతి రెండూ రెండు పూర్ణాంకాలు. సమాసానికి విగ్రహవాక్యం చెప్పినట్టు, లైబ్రరీ ఆ ముద్దను విప్పి 'వడ్డి, రెండు పూర్ణాంకాలు' అని చదివిపెడుతుంది.

లైన్ నంబరు పట్టుకోవడం ఇంకో విద్య. ప్రతి చిరునామాకీ ఒక వరుస రాస్తే పట్టిక కొండంత అవుతుంది. అందుకే డ్వార్ఫ్‌లో పట్టిక ఉండదు, పట్టికను తయారుచేసే బుల్లి ప్రోగ్రాం ఉంటుంది. "చిరునామా ఇంత ముందుకి, లైన్ ఇంత ముందుకి" అనే రెండు మాటలూ చాలాచోట్ల ఒక్క బైటులో ఇమిడిపోతాయి. లైబ్రరీ ఆ బైట్లను నడిపించుకుంటూ పోయి మన చిరునామా దగ్గర ఆగుతుంది.

నన్ను ముచ్చటగొలిపేది మాత్రం ఒకటి తీసేసే కిటుకు. కూలిన ఫంక్షన్‌ని ఎవరు పిలిచారో తెలియాలంటే స్టాక్‌లో ఉన్న తిరుగు చిరునామాలు చూడాలి. అవి పిలిచిన చోటువి కావు, పని ముగిశాక తిరిగి రావాల్సిన చోటువి, అంటే పిలుపు తర్వాతి ఆదేశానివి. దాన్ని ఉన్నదున్నట్టు వెతికితే తర్వాతి లైన్ రావచ్చు. పిలుపే ఫంక్షన్‌లో ఆఖరి ఆదేశమైతే ఏకంగా పక్క ఫంక్షన్ పేరే వస్తుంది. అందుకని అందులోంచి ఒకటి తగ్గించి వెతుకుతారు. కూలిన చోటుకి ఈ తగ్గింపు అక్కర్లేదు, దాన్ని పిలిచినవాళ్ళకే. ఒక్క బైటు తేడా, నింద పడే మనిషి మారిపోతాడు.

జాతకం కలవాలి

ఇంత విద్యా ఒక్క షరతు మీద నిలబడి ఉంది. కూలిన ప్రోగ్రాం, సింబల్ ఫైలు ఒకే బిల్డ్‌లో పుట్టి ఉండాలి. ఫైలు పేరు, వెర్షన్ నంబరు, తేదీ కలిస్తే చాలదు. లినక్స్‌లో లింకర్ ప్రతి బిల్డ్‌కీ సాధారణంగా 20 బైట్ల బిల్డ్ ఐడీ వేస్తుంది. ప్రోగ్రాంని ఒలిచినా అది పోదు. అసలు ఫైలులోనూ, సింబల్ ఫైలులోనూ ఒకే ముద్ర ఉంటుంది. పీడీబీలకూ, ఆపిల్ వాళ్ళ డీసిమ్‌లకూ ఇలాంటి గుర్తులే ఉన్నాయి.

ముద్ర ఉంది కాబట్టే సింబల్ ఫైళ్ళు ఊరు దాటి కూడా దొరుకుతున్నాయి. మైక్రోసాఫ్ట్ విండోస్ సింబల్స్‌ని తన సర్వర్‌లో ఉంచింది. లినక్స్‌లో 2019లో ఎల్ఫ్‌యుటిల్స్ అనే టూల్స్ సంచితో డీబగ్‌ఇన్ఫోడీ అనే సర్వర్ వచ్చింది. బిల్డ్ ఐడీ చెప్పి అడిగితే దానికి సరిపోయే సమాచారమే పంపుతుంది. లేకపోతే లేదంటుంది.

ఆ 'లేదు' అనడమే ఈ విద్యలో గొప్పతనం అని నేననుకుంటాను. ఆ రాత్రి టూల్ నాకు రెండు ప్రశ్నార్థకాలు చూపించి ఊరుకుని ఉంటే, సరైన ఫైలు కోసం అప్పుడే వెతికేవాణ్ణి. అందమైన పేరు, నిక్కచ్చిగా లైన్ నంబరు చూపించబట్టే మోసపోయాను. పేరు తెలియనివాణ్ణి ఎవరని ఆరా తీస్తాం. తప్పు పేరు తెలిసినవాడి గురించి ఆరా తీయం.

సరైన ఫైలు పెట్టి చూసిన ఆ పొద్దున అదే 1189 వేరే ఫంక్షన్‌ని చూపించింది. తప్పు పది నిమిషాల్లో దొరికింది. ఇప్పుడు మా టీమ్‌లో రాత్రి డ్యూటీ చేసే పిల్లలు "అన్నా, లైన్ దొరికింది!" అని ఫోన్ చేస్తుంటారు. లైన్ సంగతి తర్వాత, ముందు నేనడిగేది ఒకటే మాట. అదేమిటో వాళ్ళకీ తెలుసు. ఈమధ్య నేనడక్కముందే "కలిసిందన్నా" అంటున్నారు.